తంగేడు మూట

కాటన్‌పేట, బెంగళూరు
12 అక్టోబరు 1999

నా బంగారు అమ్మకు,

ఈ ఉత్తరం అన్నతో చదివించుకోకు. ఆలస్యమైనా నువ్వే కూడబలుక్కుని చదువు.

ముందు సంతోషం కబురు. ఈసారి నేనిక్కడ బతుకమ్మ పేరుస్తున్నాను! మార్కెట్లో బంతి, చామంతి కుప్పలు పోసి అమ్ముతారు గానీ తంగేడు పువ్వు ఎవరి దగ్గరా లేదు. తంగేడు లేకుంటే అది బతుకమ్మే కాదంటావు కదా, అందుకే మానేద్దామనుకున్నాను. నిన్న అన్నం తింటూ ఆ మాట అంటే అచ్యుత్ పకపకా నవ్వి, "తంగేడు పూలా? మా అంగడికి మూటలు మూటలు వస్తాయి మే. నీకొక మూట తెస్తాలే" అన్నాడు. వాళ్లది మూలికల అంగడని తెలుసు గానీ తంగేడు కూడా అమ్ముతారని నాకేం తెలుసు? అప్పటినుంచి కాలు ఒకచోట నిలవడం లేదు. తాంబాళం అప్పుడే తోమి పెట్టుకున్నాను.

ఇక రెండో మాట. అంగడి వదిలి రావడం కుదరక ఊరికి రాలేదని అన్నతో చెప్పాను. నిజం అది కాదు. వస్తే నీ ఒళ్లో పడి అంతా కక్కేస్తానని రాలేదు. పెళ్లయి ఏడాదైంది, మా అత్తమ్మ నాతో ఒక్క మాట మాట్లాడలేదు. అచ్యుత్‌కు తన అన్న కూతుర్ని చేయాలని ఆమె ఆశ. అతను నన్ను చేసుకున్నాడు. నేను ఎదురుగా నిలబడి ఉన్నా, "అచ్యుతా, ఆ యమ్మిని పాలు దించమని చెప్పప్పా" అంటుంది. నేను దించుతాను. కోపంగా ఒక్క తిట్టు తిట్టినా బాగుండునమ్మా. పండగ కాగానే వేరు కాపురం పెడుతున్నాం. జయనగరంలో ఇల్లు చూశాం, అత్తమ్మకు ఇంకా చెప్పలేదు. వెళ్లేలోపు ఈ ఇంట్లో ఒక్కసారి నా పండగ చేసుకోవాలని పట్టుదల, అంతే.

నీ చిన్న బిడ్డ,
సంధ్య

కాటన్‌పేట, బెంగళూరు
18 అక్టోబరు 1999

అమ్మా, నా అమ్మా,

సంబరంలో గబగబా రాస్తున్నాను, అక్షరాలు వంకర పోతే సర్దుకో. మూటతోనే మొదలుపెడతాను.

శనివారం అచ్యుత్ గోనెమూట భుజాన వేసుకుని పెళ్లికొడుకులా వచ్చాడు. విప్పితే ఏముంది, ఎండిన పూలు. కషాయానికి అమ్మే సరుకు. ఆ అంగట్లో పెరిగినవాడికి పువ్వంటే ఎండినదే, మూటలో ఉండేదే. నా ముఖం చూసి, "నీళ్లలో నానేస్తే తాజా అవుతాయేమో" అని గంగాళంలో సగం మూట కుమ్మరించాడు. కాసేపటికి గంగాళం నిండా ఎర్రటి నీళ్లు, పైన పిప్పి. అక్కడే చతికిలబడి ఏడ్చేశాను.

అప్పుడొచ్చింది అత్తమ్మ. గంగాళంలోకి తొంగిచూసి, "ఎవురికప్పా ఇంత కషాయం? పేటలో ఉండే సక్కెర జబ్బోళ్లందరికీనా?" అంది. అని నవ్వడం మొదలుపెట్టింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నా నవ్వు ఆగలేదు. ఏడుస్తున్న నాకూ నవ్వొచ్చింది. కళ్లు తుడుచుకుని ఆమె ఇటు తిరిగింది. అచ్యుత్ వైపు కాదమ్మా, నా వైపు.

"ఏం మే, పచ్చి పూలు కావల్నా? సుమ్మనే ఏడిస్తే వస్తాయా? పొద్దున్నే లెయ్యి, ఆనేకల్ పోదాం."

ఆనేకల్ దగ్గరే ఆమె పుట్టిల్లు. బస్సు దిగి కాస్త నడిస్తే రాళ్ల గుట్ట, దాని నిండా తంగేడు పొదలే. పసుపుపచ్చగా విరగబూసి ఉన్నాయి. నేను చిన్నపిల్లలా పరిగెత్తాను. వెనకనుంచి అత్తమ్మ, "మెల్లగా మే, పాములుండాయి" అని అరుస్తూ తనూ పరుగే. చీర ఎగ్గట్టి, గుత్తికి గుత్తి చేతికందినట్టు తెంపుతుంటే నేను నోరెళ్లబెట్టాను.

"మా నాయన ఈ పూలే ఎండబెట్టి మన అంగడికి ఏసేవాడు. నేను కోడలై వస్తే మా అత్త నన్ను మూటోళ్ల పిల్ల అనేది. పేరు పెట్టి పిలిచిందే లేదు" అంది. అని నా ముఖం చూసి, చేతిలోని గుత్తి నా కొంగులో వేసింది. ఇద్దరం చాలాసేపు పూలే కోశాం.

అక్కడే చెరువు ఒడ్డున బతుకమ్మ పేర్చాను. నేను పాట ఎత్తుకుంటే అత్తమ్మ చప్పట్లన్నీ తప్పు కొడుతూ నా వెనకే తిరిగింది. నీళ్లలో వదిలాక, మునిగేదాకా కదలలేదు.

ఇప్పుడు నా పక్కనే కూర్చుంది. ఇక్కడి మనవాళ్లు మాట్లాడేది తెలుగే, బళ్లో నేర్చింది మాత్రం కన్నడం. "నాకు తెలుగు రాసేకి రాదు. నేను చెప్తా, మీయమ్మకి రాయి" అంది. ఆమె మాటలివి:

"వదినా, మీ పండగ నాకు నచ్చింది. వీళ్లు వేరు కాపురం పోతారంట. నా కొడుక్కి కడుపులో మాట నిలవదు, చెప్పేసినాడు. నాకు శానా బేజారుగా ఉండాది. మా సంధ్యను పోవద్దని నువ్వన్నా చెప్పు. వచ్చే ఏడు నువ్వూ రా, ముగ్గురం కోసుకుందాం."

నువ్వు చెప్పక్కర్లేదమ్మా. ఇల్లు వద్దని చెప్పి రమ్మని పొద్దున్నే అచ్యుత్‌ను పంపేశాను. ఆ సంగతి అత్తమ్మకు ఇంకా చెప్పలేదు, కాసేపు బతిమాలనీ.

"మా సంధ్య" అన్నచోట నా కలం ఆగిపోయింది. "ఏం మే, రాయవేం?" అంది.

"సరిగ్గా వినపడలేదు అత్తమ్మా, ఇంకోసారి చెప్పండి" అన్నాను.

మళ్లీ చెప్పింది.

ఇక్కడే ఉండిపోతున్న నీ బిడ్డ,
సంధ్య