తడి ఆరకముందే

24 ఏప్రిల్ 1983, ఆదివారం

మునిలక్ష్మి వచ్చింది. మద్రాసు ఎయిర్‌పోర్టు నుంచి చిత్తూరు దాకా టాక్సీలో, రెండు పెద్ద సూట్‌కేసులతో. నా చెల్లెలు కువైట్‌లో నర్సు. ఆమె మొగుడు జయరామ్ అక్కడే ఏసీ మెకానిక్. ఐదేళ్ళ కింద పోతూ పోతూ పదకొండు నెలల పంకజను మా అమ్మ చేతుల్లో పెట్టింది. అంటే నా చేతుల్లో. మధ్యలో ఒకసారి వచ్చి ఇరవై రోజులు ఉంది. అది పిల్లకు గుర్తు లేదు. జూన్‌కు దానికి ఆరేళ్ళు నిండుతాయి.

టాక్సీ దిగి రెండు చేతులూ చాపింది. పంకజ నా కుచ్చిళ్ళ వెనక దాక్కుని, ఈమె ఎవురు పెద్దమ్మా, కువైట్ అమ్మేనా అని అడిగింది. మునిలక్ష్మి ముఖం చిన్నబోయింది. నాకు సంతోషం వేసింది. ఈ డైరీ ఎవరూ చదవరు కాబట్టి రాస్తున్నాను. చాలా సంతోషం వేసింది.

భోజనాల దగ్గర సంగతి చెప్పింది. మే 20తో ఆమె పాస్‌పోర్టు గడువు అయిపోతుంది. రెన్యూవల్‌కు పంపేటప్పుడే అందులో బిడ్డ పేరు ఎక్కించాలి. జూన్ ఆఖరుకు బిడ్డను తీసుకుని పోతుంది. అమ్మ గరిటె పట్టుకుని నా వైపు చూసింది. నేను మజ్జిగ పోసుకున్నాను.

9 మే

హైదరాబాదు నుంచి ఫారాలు వచ్చాయి. ఇంట్లో టైపు వచ్చేది నాకే. బంగారుపాళ్యంలో మామిడి గుజ్జు ఫ్యాక్టరీ ఆఫీసులో టైపిస్టుని. ఈ వారంలో కొట్టేయక్కా అని మునిలక్ష్మి వాటిని నా బ్యాగులో పెట్టింది. సరే అన్నాను.

21 మే

నిన్నటితో పాస్‌పోర్టు గడువు అయిపోయింది. ఫారాలు నా బ్యాగులోనే ఉన్నాయి.

సీజను, ఊపిరాడటం లేదు అని చెప్పాను. అబద్ధం కాదు. గేటు బయట కాయల లారీలు బారులు తీరి ఉన్నాయి. కానీ నేను నిమిషానికి నలభై ఐదు మాటలు కొడతాను. ఆ ఫారం ఇరవై నిమిషాల పని.

ఆయన పోయి పదకొండేళ్ళు. నాకు పిల్లల్లేరు. పంకజకు అమ్మవారు పోసినప్పుడు పద్నాలుగు రోజులు వేపాకు పక్క మీద దాని పక్కనే కూర్చున్నాను. దాని మొదటి పాలపన్ను ఊడితే మిద్దె మీదికి విసిరేయమంది అమ్మ. విసరలేదు. నా ట్రంకుపెట్టెలో అగ్గిపెట్టెలో ఉంది. ఇవేవీ ఫారంలో అడగలేదు.

3 జూన్

ఫారం కొట్టాను. మునిలక్ష్మి పక్కనే కుర్చీ వేసుకుని కూర్చుంటే ఏం చేస్తాను?

గెజిటెడ్ ఆఫీసరు సంతకం కావాలి. మాకు తెలిసిన గెజిటెడ్ ఆఫీసరు పశువుల డాక్టరు బాలసుబ్రమణ్యం గారు ఒక్కరే. పోయేసరికి ఎద్దుకు మందు పోస్తున్నారు. చేతులు కడుక్కుని వచ్చి, ఈ బిడ్డ నడవడిక మంచిదని నేను రాయల్నా, ఆ ఎద్దుదైతే ధైర్నంగా రాస్తాను గదమ్మా అన్నారు. అందరం నవ్వాం. నవ్వుతూ నవ్వుతూ పంకజ మునిలక్ష్మి చెయ్యి పట్టుకుంది. మొదటిసారి. నాకు నవ్వు ఆగిపోయింది.

10 జూన్, శుక్రవారం

రేపు పోస్టు. మా అమ్మ శకుంతలమ్మ సంగతి తెలిసిందే. పెళ్ళిపత్రిక, పద్దుపుస్తకం, నా ఎస్సెస్సెల్సీ హాల్ టికెట్టు, ఏదైనా సరే, పసుపు తగలకుండా కాగితం మా గడప దాటదు. ఈరోజు పాస్‌పోర్టుకు పెట్టింది. స్వామి పటం ముందు ఉంచి హారతి ఇచ్చాం. అంతే.

11 జూన్

రిజిస్టర్డ్ పోస్టు చేశాను. రసీదు ఈ పేజీలో పెడుతున్నాను.

12 జూలై

కవరు తిరిగి వచ్చింది.

ఫోటో ఉన్న పేజీలో పసుపు నీళ్ళు పారాయి. ఫోటో మీద అడ్డంగా ఉన్న ఆఫీసరు సంతకం, సీలు కరిగిపోయాయి. మునిలక్ష్మి ముఖంలో సగం పసుపు, సగం ఊదా. రెన్యూవల్ కుదరదట. పాడైన దానికి బదులు కొత్త పాస్‌పోర్టు అడగాలట. అఫిడవిట్టు, పోలీస్ వెరిఫికేషన్, అన్నీ మొదటి నుంచి. బిడ్డకు తండ్రి సమ్మతి పత్రంతో వేరే ఫారం పెట్టుకోవాలట.

మునిలక్ష్మి ఉత్తరం రెండుసార్లు చదివింది. తర్వాత అమ్మ మీద విరుచుకుపడింది. ఆరు నెలలు దాటి బయటుంటే ఆడ పర్మిట్టు పోతుందమ్మా, అక్టోబరు ఇరవై రెండుకు నా ఉద్యోగం పాయె, నీ పసుపు తెచ్చి నా బతుకు మీద పోసినావు గదా అంది. అమ్మకు రెండు కళ్ళల్లోనూ శుక్లాలు. చేతులు కొంగులో దాచుకుని, కండ్లు సరింగా ఆనక యాడ పెట్నానో తెల్లేదు మే అంది.

నేను తలుపు దగ్గర నిలబడి ఉన్నాను. బియ్యంలో రాళ్ళు ఏరాలని గుర్తొచ్చి లోపలికి పోయాను.

13 జూలై, ఉదయం 5

జూన్ పదో తేదీ రాసింది మొత్తం నిజం కాదు.

పద్దుపుస్తకానికి పెట్టినట్టే లోపలి పేజీకి పెట్టాలని అమ్మ అట్ట తెరిచింది. ఆ రోజు గిన్నెలో నీళ్ళు ఎక్కువయ్యాయి. సరింగా పెట్నానా, సూడు ప్రసూనా అని పుస్తకం నా చేతికిచ్చి హారతి పళ్ళెం కోసం వంటింట్లోకి పోయింది. చూశాను. ఒకే ఒక్క చుక్క. ఫోటో అంచున నిలబడి ఉంది. సంతకం దాకా ఇంకా రాలేదు.

మా ఫ్యాక్టరీలో లేబుళ్ళ మీద గుజ్జు పడని రోజు లేదు. తడి ఆరకముందే అద్దేయండమ్మా, ఆరినాక దేవుడు దిగొచ్చినా పోదు అని స్టోర్సు ఏకాంబరం రోజూ అరుస్తాడు. తొమ్మిదేళ్ళుగా వింటున్నాను. కొంగుతో అద్దితే పోయేది.

పుస్తకం మూశాను. మూసి, స్వామి పటం ముందు పెట్టి, దాని మీద కొబ్బరికాయ ఉన్న ఇత్తడి పళ్ళెం పెట్టాను. మర్నాడు కవరులో పెట్టేటప్పుడు తెరిచి చూడలేదు. చూడాల్సిన పని లేదు, లోపల ఏముందో నాకు తెలుసు.

అమ్మకు చెప్పాలి. ఈరోజు చెబుతాను.

14 జూలై

చెప్పలేదు.

30 జూలై

పాస్‌పోర్టు ఎంక్వయిరీకి స్టేషన్ నుంచి కానిస్టేబుల్ ఎల్లప్ప వచ్చాడు. పాతది ఎట్ల పాడాయ అని అడిగాడు. ఎవరూ నోరు తెరవకముందే అమ్మ ముందుకు వచ్చింది. నేనే పాడు సేసినా నాయనా, ముసిలి కండ్లు, నా బిడ్డ తప్పేమీ లేదు అంది. ఆయన అదే రాసుకున్నాడు. వేలిముద్ర వేస్తావా అమ్మా అంటే, సంతకం వచ్చు అని అమ్మ ఒక్కో అక్షరం తడుముకుంటూ పెట్టింది.

పోలీసు కాగితం మీద ఇప్పుడు అమ్మ పేరు ఉంది. ఆయనకు కాఫీ నేనే ఇచ్చాను. చక్కెర సరిపోయిందా అని కూడా అడిగాను.

21 ఆగస్టు, ఆదివారం

ఇది నేను అనుకోలేదు.

జూన్‌లో పోయి ఉంటే పంకజ నా కోసం ఏడుస్తూ పోయేది. రెండు నెలల చుట్టానికి అది అలవాటు పడేది కాదు. ఇప్పుడు నాలుగు నెలలు. మునిలక్ష్మి దానికి జడలు వేస్తుంది. థర్మామీటరు చూడటం నేర్పింది. ఇద్దరూ కలిసి బొమ్మకు జ్వరం చూస్తారు. కువైట్ అమ్మ అనే పిలుపులో కువైట్ ఎప్పుడు రాలిపోయిందో నేను గమనించలేదు.

ఈరోజు వీధిలో పడి మోకాలు చీరుకుంది. గాయానికి పెడదామని పసుపు తీసుకుని వాకిట్లోకి పరుగెత్తాను. ఏడుస్తూ లేచి, నన్ను దాటుకుని పోయింది. అమ్మా అని. మునిలక్ష్మి దగ్గరికి.

పసుపు చేతిలోనే ఉండిపోయింది. ఎవరు తీసిన గోతిలో వాళ్ళే పడతారని ఊరికే అనలేదు.

4 సెప్టెంబర్, ఆదివారం. తిరుమల

అమ్మ మొక్కుకుందట. నాకు నిన్ననే చెప్పింది. నా చెయ్యి సేసిన తప్పుకు నా తల ఇస్తా స్వామీ, బిడ్డకు పాసుపోర్టు రానీ అని. బస్సులో పోదామంటే వినలేదు. తప్పు చేసినోళ్ళు బస్సులో పోతారా అంది. నేను టికెట్ డబ్బులు మళ్ళీ పర్సులో పెట్టుకున్నాను.

అలిపిరి నుంచి నడిచాం. అరవై నాలుగేళ్ళు, మోకాళ్ళు వంగవు. పది మెట్లకొకసారి కూర్చుంది. మోచెయ్యి పట్టుకుని నేను. మోకాళ్ళ పర్వతం దగ్గర నిజంగానే రెండు చేతులూ మెట్టు మీద ఆనించి ఎక్కింది.

కల్యాణకట్టలో క్షురకుడు అమ్మ తల తడిపి కత్తి పెట్టాడు. తెల్ల వెంట్రుకలు ఒళ్ళో పడ్డాయి. కుడి చెవి పైన పాత గాయం మచ్చ ఒకటి బయటపడింది. ముప్పై తొమ్మిదేళ్ళలో నేను ఎప్పుడూ చూడలేదు. లేచి వచ్చి, తేలిగ్గా ఉండాది మే అని నవ్వింది.

మాట నోటిదాకా వచ్చింది. అంతలో క్యూ గేటు తీశారు, జనం తోశారు. నాకు సాకు దొరికింది.

5 సెప్టెంబర్

నాకు సిగ్గు లేదు.

8 అక్టోబర్

కొత్త పాస్‌పోర్టు వచ్చింది. మునిలక్ష్మిది మాత్రమే. పదహారున మద్రాసు బస్సు, మర్నాడు విమానం. జయరామ్ సమ్మతి పత్రం కువైట్ నుంచి ఇప్పుడే చేరింది. పంకజకు ఫారం పెట్టి, పాస్‌పోర్టు వచ్చేదాకా ఆగితే ఉద్యోగం దక్కదు. బిడ్డ ఇక్కడే ఉండాలి.

నేను కోరుకున్నదే జరిగింది. సంగతి విన్నప్పటి నుంచి పంకజ అన్నం ముట్టలేదు. నేను కలిపి పెడితే ముద్ద బుగ్గలోనే పెట్టుకుని కూర్చుంది.

14 అక్టోబర్, శుక్రవారం, సాయంత్రం 6

దీపం పెడదామని పూజగూడు దగ్గరికి పోయాను. పంకజ అక్కడ కూర్చుని ఉంది. ఒళ్ళో కొత్త పాస్‌పోర్టు. వేలికి తడి పసుపు. ఫోటో పేజీ తెరిచి ఒక చుక్క పెట్టేసింది. ఇంకో చుక్క పెట్టబోతోంది.

ఏం చేస్తున్నావే అన్నాను. అవ్వ పసుపు పెడితే అమ్మ పోలేదు గదా పెద్దమ్మా, మళ్ళా పెడితే మళ్ళా పోదు అంది. మెల్లగా, నా చెవి దగ్గర చెప్పింది. నేను ఎవరికీ చెప్పనని దానికి నమ్మకం.

పుస్తకం లాక్కుని కొంగుతో అద్దాను. పోయింది. వెలుతురులో పట్టి చూశాను. మరక జాడ లేదు. అగ్గిపుల్ల గీసేంత సేపు పట్టలేదు.

అక్కడే కూలబడి ఏడ్చాను. పంకజ భయపడి అవ్వా, అమ్మా అని కేకలు పెట్టింది. ఇద్దరూ వచ్చారు. చెప్పేశాను. ఆ చుక్క, మూసిన పుస్తకం, మీద పెట్టిన పళ్ళెం, బ్యాగులో ఇరవై ఐదు రోజులు దాచిన ఫారాలు. అన్నీ.

15 అక్టోబర్

మునిలక్ష్మి నాతో మాట్లాడటం లేదు. ఆమె స్థానంలో నేనున్నా మాట్లాడను.

అమ్మ చాలాసేపు తల తడుముకుంటూ కూర్చుంది. వెంట్రుకలు ఇప్పుడిప్పుడే పొట్టిగా వస్తున్నాయి. చివరికి, అట్లయితే ఈ మొక్కు నాది కాదు మే, నీది, నేను నీ బదులు ఎక్కి వచ్చినా, అంతే, నీ తల ఇంకా బాకీ ఉండాది అంది. కోపంగా అనలేదు. కోపంగా అన్నా బాగుండేది.

16 అక్టోబర్

బస్టాండులో పంకజను విడదీయడానికి ఇద్దరం పట్టాల్సి వచ్చింది. కండక్టరు రెండుసార్లు విజిల్ వేశాడు. బస్సు కదిలే ముందు మునిలక్ష్మి కిటికీలోంచి నాకు ఒక కవరు ఇచ్చింది. పంకజ బర్త్ సర్టిఫికెట్టు, జయరామ్ పంపిన సమ్మతి పత్రం. పాస్‌పోర్టు వస్తే ఆయనే వచ్చి బిడ్డను తీసుకుపోతాడు. ఫారం నువ్వే కొట్టు, ఈ తూరి ఇరవై ఐదు దినాలు చేయాకు అంది. రెండు రోజుల్లో నాతో అన్న మాట అదొక్కటే.

17 అక్టోబర్

కొట్టాను. పద్దెనిమిది నిమిషాలు.

24 అక్టోబర్, సోమవారం. తిరుపతి

నిన్న నడిచి కొండెక్కాను. గుండు చేయించుకున్నాను. ఈరోజు దిగి వచ్చి, మొన్ననే పశువుల డాక్టరు గారి సంతకం దొరికిన పంకజ ఫారం ఇక్కడే రిజిస్టర్డ్ పోస్టు చేశాను. ఇంట్లో బయల్దేరేటప్పుడు అమ్మ కవరు మీద పసుపు పెట్టి ఇచ్చింది, బయటివైపు. ఆరేదాకా నేనే పట్టుకున్నాను.

పోస్టాఫీసు కౌంటరులో ఆయన నా తల చూసి, ఏం మొక్కమ్మా అని అడిగాడు.

బిడ్డ పాస్‌పోర్టు తొందరగా రావాలని, అన్నాను.