గోడ పక్కకు జరిగే షేరు

అక్కా, ఎట్లున్నావు?

నువ్వు మమ్మల్ని విడిచి ఆ లోకానికి వెళ్లిపోయి ఆరు నెలలు దాటింది. నీ కుక్క షేరు నా దగ్గరే ఉన్నాడు. వచ్చిన వారంలోనే నా తోలు చెప్పులు నమిలేశాడు. నేనేమీ అనలేదు... ఆశ్చర్యంగా ఉందా?

ముందు గొడవ సంగతి చెప్పనీ. మన మెట్టుగూడ కాలనీ పార్కు గేటుకు బోర్డు తగిలించారు, కుక్కలను తీసుకురావద్దని. నాకు ఒళ్లు మండింది. 'పార్కు ఎవడబ్బ సొత్తు?' అని నాలుగు పేజీల కరపత్రం రాసి ఇంటింటికీ పంచాను. ఒక్కరైనా చదివారా?

తర్వాత తెలిసింది, బోర్డు ఊరికే రాలేదని. కాకినాడ నుంచి వచ్చి స్థిరపడిన మూలింటి సత్యవతి గారు లేరూ, ఆమె మీదికి గొలుసు లేని కుక్క ఒకటి ఉరికితే పాపం కింద పడ్డారట. దాని యజమాని దూరం నుంచే భరోసా ఇచ్చాడట, భయపడొద్దు, ఏమీ చెయ్యదని.

ఏమీ చెయ్యదు! కుక్క ఉన్న ప్రతి పెద్దమనిషి నోటా ఇదే మాట. అవతలి వాళ్ల భయం తప్పు, వీళ్ల ధీమా ఒప్పు. షికారు వీళ్లది, ఆ మలం ఎత్తిపోసే ఖర్మ మాత్రం పొద్దున్నే చీపురు పట్టే మనిషిది. ఇదెక్కడి న్యాయం?

నువ్వేమనేదానివి? “కరవదని నీకెరుక. గామెకెట్ల ఎరుకరా? నువ్వే జెర పక్కకు జరుగు.” చేతిలో పాత పేపరు పట్టుకుని, “మన కుక్కది మనం తీస్తే ఇజ్జత్ పోతదా ఏంది?” అని నన్నే వాయించేదానివి.

మొన్న షేరుతో రైల్వే గోడ వెంట నడుస్తుంటే మలుపులో సత్యవతి గారు ఎదురయ్యారు. కొయ్యబారిపోయారు. నేను నోరు తెరిచాను... నాకూ ఆ దిక్కుమాలిన మాటే వచ్చింది నోటిదాకా. ఈలోపే షేరు గోడ వైపు జరిగి, బుద్ధిగా కూర్చున్నాడు. నేను చెప్పలేదు, గొలుసు లాగలేదు.

ఆమె మెల్లగా దాటి, వెనక్కి తిరిగి, కళ్లు తుడుచుకుంటూ నీ సంగతి చెప్పారు. రోజూ ఆమె వెళ్లేదాకా నువ్వు వాడిని సరిగ్గా అక్కడే కూర్చోబెట్టేదానివట కదా? నాకెప్పుడూ చెప్పలేదేం?

ఆదివారం కాలనీ మీటింగుకు కరపత్రాలు తీసుకెళ్లలేదు. గొలుసు లేని కుక్క లోపలికి రావద్దు, ఎవరి కుక్కది వాళ్లే ఎత్తాలి, భయపడే మనిషికే ముందు దారి... ఇంతే చెప్పాను. కుక్కలున్నవాళ్లే గొణిగారు. వాళ్లను మాత్రం వదల్లేదులే, నా గొంతు నీకు తెలుసుగా! చివరికి ఒక నెల చూద్దామన్నది ఎవరనుకున్నావు? సత్యవతి గారు!

బోర్డు పీకలేదు. దాని మీద గోనెసంచి కప్పారు. మనం మాట తప్పితే సంచి తీసేస్తారు.

తియ్యనివ్వను అక్కా. ఎదురుగా ఎవరైనా జంకితే, ముందు నేను ఆగుతాను. నోరు కూడా ఆపుతాను... నమ్ముతావా?

షేరు గొలుసు నోట కరుచుకుని గుమ్మంలో నిలబడ్డాడు. పాత పేపరు జేబులో పెట్టుకున్నాను. వెళ్లొస్తాం.

నీ తమ్ముడు