బావిలోంచి వచ్చిన జవాబు

ఆదివారం రాత్రి

రాత బాగోదు, తప్పులుంటాయి.

మా పత్తి చేలో ఎండిపోయిన బావిలోకి మా ఆయనా, పట్నం నుంచి వచ్చిన సారూ ఇవాళ మళ్ళీ పెట్టెలోంచి గబ్బిలాల కూత వదిలారు. కూత గోడలకు తగిలి తిరిగొచ్చే తీరును బట్టి లోపల ఏముందో సారు పెట్టె చెబుతుంది. ఇవాళ కూత ఆపేశాక కూడా లోపల్నుంచి జవాబు వస్తూనే ఉంది.

"మన చేను కింద ఇంకో ఊరుందే పిచ్చిదానా! రేపు నేనే దిగుతా" అని ఆయన నవ్వారు.

"వద్దండీ" అనబోయాను. సారు ఉన్నారని ఖాళీ చెంబు పట్టుకుని ఇంటికొచ్చేశాను.

చీకటి పడ్డాక దిగే తాడు తీసుకెళ్ళి కళ్లంలో మిరపకాయల కింద దాచాను. పొద్దున్నే కాయలు తిరగేసేది నేనే, ఎవరికీ కనబడదు. కానీ సారు కొత్త తాడు కొనుక్కొస్తే...

ఈ కాగితం ఎవరికి దొరికినా పొయ్యిలో వేసేయండి. ఆయనకు మాత్రం చూపించొద్దు.