కొండ దిక్కు, మోకు దూరం

రాజవ్వా,

నువ్వు పోయాక వచ్చిన వరదకు మన హద్దురాయి మట్టిలో కూరుకుపోయింది. సకలజనుల సమ్మెలో ఆఫీసులు మూతపడ్డాయి, కొలిచేవాళ్లు రారు. పక్కచేను మల్లయ్య గట్టును మనవైపు జరుపుతున్నాడు. రాయి కోసం నేను తవ్విన గుంతలు చూసి, "బావా, చేపలు పెంచుతవా?" అన్నాడు.

"రాయి యాడుందని అవ్వ చెప్పేది నాయినా?" అని నీ మాట ఎత్తింది మన బిడ్డ.

"బాయి కాడికెల్లి కొండగట్టు దిక్కు మోకు గుంజితే, కొసకు రాయి. మక్కచేను అడ్డమచ్చి కొండ కనవడతలేదు బిడ్డా."

"దిక్కు, దూరం ఎరుకైతే సాలు, మా లెక్కల సారు గదే చెప్పిండు!"

బావి పక్క చింతచెట్టెక్కి కొండను చూస్తూ, బావికి కట్టిన మోకుతాడు కొసను నాచేత పట్టించింది. "ఎడమకు జరుగు! ఇంగ జర!"

మోకు కొస దగ్గర గడ్డపార ఖంగుమంది.

"అక్క సచ్చినా హద్దు ఇడువది," అన్నాడు మల్లయ్య, గట్టు వెనక్కి జరుపుతూ.

ఏటా నువ్వు రాసే పసుపు ఈసారి రాయికి నేనే రాశాను. కొంచెం ఎక్కువే అయింది.