మంగళవారం నాటి వరుస

14 ఆగస్టు 2024, బుధవారం. పొద్దుట నుంచి ముసురు. మోటారు వేశాను, ట్యాంకు నిండాక ఆపాను.

జంషెడ్‌పూర్ సోనారిలో ఉంటున్న పొట్నూరు గౌరీశంకర్ అనే నేను, వయసు యాభై ఎనిమిది, కాంట్రాక్టు ఎలక్ట్రీషియన్‌ని, ఎవరి ఒత్తిడీ లేకుండా, మనసు నిలకడగా ఉండగా ఈ వీలునామా రాస్తున్నాను. కింది సంగతులు చదివాక నిలకడ గురించి అనుమానం రావచ్చు. నిన్న రెండు మోటార్లకు వైండింగ్ చుట్టాను. రెండూ తిరుగుతున్నాయి.

1. ఈ ఇంటి మీద నాకున్న హక్కు, బ్యాంకులో ఉన్నది, పనిముట్లు, అన్నీ నా కూతురు రోహిణికి. దీన్ని అమలు చేయవలసినవారు పక్కింటి తోమాస్ గారు.

2. లాప్‌టాప్, సొంతంగా నేర్చుకున్న ప్రోగ్రామింగ్ నోట్సు కూడా రోహిణికే. కొత్త మొబైల్ ఆటలను విడుదలకు ముందే ఆడి తప్పులు చెబితే ఒక కంపెనీ డబ్బిస్తుంది. ఆమె నర్సింగ్ ఫీజు దాంతోనే కట్టాను. "పాపా, ఇస్ ఉమర్ మే గేమ్?" అని, ఈ వయసులో ఆటలేమిటని ఎక్కిరించిన పిల్లకు ఈ సంగతి ఇక్కడే తెలుస్తుంది.

3. నేను రాస్తున్న నవల తమ్ముడు సోమేశ్వరరావుకి. ఇంకా చివరి అధ్యాయం మిగిలింది. పన్నెండేళ్ల కిందట ఇదే ఊళ్లోని పర్సుడీహ్‌లో పదిమంది ముందు "ఏటన్నయ్యా, రాత్తే కూడెడతాదేటి?" అన్నాడు. అప్పట్నుంచి మొన్నటిదాకా వాడితో మాట్లాడలేదు. చదివాక నచ్చకపోతే ఈసారి రోహిణి ఒక్కదాని ముందే అనమని మనవి.

4. గంటల పుస్తకం. నేర్చుకున్నది, రాసినది, ఆడినది, ఇంటిపని: దేనికెంత సేపు పెట్టానో, ఆనాటి వాన ఎండలతో సహా ఇరవై ఆరేళ్లుగా రోజూ సాయంత్రం రాసుకుంటున్నాను. జూన్ మూడున పొద్దున్నే తెరిస్తే ఆనాటి వరుస అప్పటికే నిండి ఉంది. దస్తూరీ నాదే. నేను రాయలేదు. ఆ రోజు అలాగే గడిచింది. తర్వాత రాబోయే వారం రోజుల వరుసలు కూడా ముందే కనిపించసాగాయి. ఒకరోజు 'ఆట, రెండు గంటలు' అని ఉంటే, చూద్దామని నేను ఫోన్ ముట్టలేదు. రోహిణి తీసుకుని నా బదులు ఆడింది. గడియారం చూశాను. సరిగ్గా రెండు గంటలు. పుస్తకం పని చెబుతుంది, ఎవరి చెయ్యో చెప్పదు.

5. వచ్చే మంగళవారంతో వరుసలు ఆగిపోయాయి. ఆ వరుస సగమే ఉంది, నీళ్ల మోటారు వేసిన దగ్గర తెగింది. మోటారు, స్టార్టరు, ఎర్తింగు మూడుసార్లు విప్పి చూశాను. తప్పు దొరకలేదు. ఆ రోజు మోటారు వేయకండి అన్నారు తోమాస్ గారు. నేను వేయకపోతే, ఏడింటి డ్యూటీకి తయారయ్యే పిల్ల వేస్తుంది. అందుకే మొన్న తమ్ముడికి ఫోన్ చేశాను, సోమవారం సాయంత్రం రోహిణిని వాళ్లింటికి తీసుకెళ్లమని. ఎందుకని అడగలేదు. "వత్తన్నా" అన్నాడు. స్విచ్ నేనే వేస్తాను.

6. తోమాస్ గారూ, ఆ పొద్దున ట్యాంకు పొర్లుతున్న చప్పుడు వినిపిస్తే, ముందు బయట మీటరు దగ్గర ఫ్యూజు పీకండి. తర్వాతే లోపలికి రండి. పుస్తకం ఎవరికీ ఇవ్వడం లేదు. తెరవకుండా కాల్చేయండి.

సోనారి, జంషెడ్‌పూర్, 14-8-2024
(సంతకం) పొట్నూరు గౌరీశంకర్

మా ఎదుట సంతకం చేశారు: ఏసుమణి (కిరాణా కొట్టు), పద్మకుమారి (టీచరు).

జత: పుస్తకంలోని చివరి వరుసకు నకలు.
20 ఆగస్టు 2024, మంగళవారం. ముసురు విడిచింది, ఎండ. నవల నిన్నటితో అయిపోయింది. మోటారు వేశాను, ట్యాంకు నిండాక