గుమ్మం మీద ఎర్రగీత

2011 సెప్టెంబరు 26, సోమవారం

హెడ్‌మిస్ట్రెస్‌గా ముప్పై ఏళ్లు రిజిస్టర్లు రాశాను. ఒక్కటి తప్ప తప్పు రాయలేదు. ఆ ఒక్కటీ ఇవాళ ఎదురొచ్చింది. అందుకే ఈ డైరీ.

సకల జనుల సమ్మె, బస్సుల్లేవు. నేను, కోడలు సంధ్యారాణి, మనవరాలు మౌనిక కర్మన్‌ఘాట్ నుంచి దిల్‌సుఖ్‌నగర్‌కు ఆటోలో వెళ్లాం. ఎనిమిదో తరగతిలో అందరికంటే పొట్టిది మౌనిక. డాక్టర్ సాంబమూర్తి గారు చేతి ఎక్స్‌రే చూసి, పన్నెండు దాటిన పిల్లకి పదకొండేళ్ల ఎముకలండి, వెనకబడింది, గ్రోత్ హార్మోన్ ఇంజెక్షన్లు మొదలెట్టేద్దాం అన్నారు.

ఎముకలు వెనకబడలేదు. మౌనికకు నిజంగానే పదకొండు. నాలుగేళ్లకే చదువుతోందని, ఏడాది కలిసొస్తుందని, నేనే ఐదేళ్లని రాసి ఒకటో తరగతిలో కూర్చోబెట్టాను. బయట ఎవరడిగినా సర్టిఫికెట్ తారీఖే చెప్పాలన్నది ఈ ఇంట్లో నేను పెట్టిన రూలు. డాక్టర్ గారికీ కోడలు అదే చెప్పింది. చెప్పి నా వైపు చూసింది. నేను నోరు విప్పలేదు.

సెప్టెంబరు 28

కూతురు ఇంత ఎత్తు కావాలని మా అబ్బాయి జగన్ గుమ్మం మీద ఎర్ర స్కెచ్‌పెన్‌తో గీత గీశాడు. ఐదడుగుల ఆరంగుళాలు. మౌనికకు నెలనెలా నేను పెన్సిల్‌తో గీసే గీతలకు చాలా పైన. పిల్ల దాన్ని చూడకుండా గుమ్మం దాటుతోంది.

సెప్టెంబరు 30

ఇంజెక్షన్లు వచ్చాయి. ఫ్రిజ్‌లో, పెరుగు పక్కన. సోమవారం మొదలు.

అక్టోబరు 2, ఆదివారం, సాయంత్రం 5

డాక్టర్ గారు తప్పు వయసుతో లెక్కకట్టారని జగన్‌కు చెప్పేశాను. నవ్వాడు. ఎముకలు నీ రిజిస్టర్ చూసి పెరుగుతయా అమ్మా, ఏ వయసు రాసినా పొట్టిదే గద అన్నాడు.

కోడలు నవ్వలేదు. ఆ తారీఖే చెప్పుమన్నది నువ్వే గద అత్తమ్మా, ఆడ నువ్వు మాట్లాడుతవేమోనని చూసిన అంది. అంతటితో ఆగలేదు. రోగం లేకుంటె లేకపాయె, నాలుగు ఇంచులు పెరిగితె నష్టమేంది, అందరు పిల్లలకు ట్యూషన్లు పెట్టిస్తలేరా, గిది గంతే. క్లాసుల పోరగాండ్లు బొంగరం అంటున్నరని అది ఏడుస్తుంటె వినేది నువ్వా నేనా అంది.

కోడలిది దురాశ కాదు.  మధ్యాహ్నం భోజనాలయ్యాక నాకు జవాబు దొరికింది. కాగితం మీద పిల్లను ఏడాది పెంచింది నేను. ఇప్పుడు దాని ఒంటిని ఆ కాగితానికి సరిచేయబోతున్నాం. బొంగరం అన్నవాళ్లంతా దానికంటే ఏడాది పెద్దవాళ్లు. జగన్‌కూ కోడలికీ ఈ మాటే చెప్పాను.

మౌనికను ఎవరూ అడగలేదు. ఇంజెక్షన్లు నీకు కావాలా అని నేను అడిగాను. నేను గింతనే ఉంటె నీకు సిగ్గా నానమ్మా అంది.

నాది నాలుగడుగుల పదంగుళాలు. ఆ సంగతి ఎక్కడా రాసుకోలేదు.

అక్టోబరు 3

జరగవలసినవి:

1. డాక్టర్ గారికి అసలు పుట్టినతేదీ నా నోటితో చెప్పాలి. జగన్ వెంట వస్తానన్నాడు.
2. అంతవరకు ఫ్రిజ్‌లోవి ముట్టరాదు. కోడలు సరే అంది, సగం మనసుతో.
3. ఎర్రగీత ఉంచాలో చెరపాలో మౌనిక చెప్పాలి.
4. ఆ గుమ్మం మీద నా గీత కూడా పడాలి. చెప్పులు లేకుండా. గీసేది మౌనిక.