రేడియోలో నా కలుపు పాట

జమ్మలమడుగు, శుక్రవారం రాత్రి

సాయంత్రం పంచాయతీ రేడియోలో నా పాట వచ్చింది. రేడియో స్టేషన్లో రికార్డింగు నాడు, శెనక్కాయ చేలో కలుపు తీస్తూ పాడే అలవాటుకొద్దీ, ప్రతి చరణం చివరా తోటివాళ్లు పాడే వంత కోసం ఆగాను. అద్దం వెనకున్న ఆఫీసరు నేను పాట మరిచిపోయాననుకుని విసుక్కున్నాడు. ఆ ఖాళీలన్నీ ఊరంతా వింటుందని పొద్దుటి నుంచి నాకు ముద్ద దిగలేదు.

మొదటి ఖాళీ రాగానే, రేడియో ముందు కూర్చున్న మా కలుపు ఆడవాళ్లందరూ గొంతెత్తి వంత అందుకున్నారు. చివరిదాకా ఒక్కటీ వదల్లేదు.

"మాకోసరమే ఆపినావు గదా మే! శానా బాగుండాది," అంది సుబ్బక్క, నా వీపు చరిచి. వాళ్లందరికీ మొక్కాలనిపించింది.

రేడియో వాళ్లు మళ్లీ పిలుస్తారో లేదో. పిలిస్తే మాత్రం అలాగే ఆగుతాను.